మారెమ్మ, ఎథీనా, ఒక కరపత్రం

ఆ మధ్య ఒక ఆదివారం పొద్దున్నే ఊర్నుంచి చిన్నాయన ఫోన్ చేశాడు. మాది తనకల్లు దగ్గర ఒక చిన్న పల్లె. ఊరి బయట వేపచెట్టు కింద మారెమ్మ ఉంది. విగ్రహం కూడా కాదు, మోకాలెత్తు రాయి, దానికి పసుపు, కుంకుమ, అంతే. ఇప్పుడు చందాలేసుకుని ఆ రాయి చుట్టూ గుడి కట్టారు. ప్రతిష్ఠకి ముహూర్తం కూడా పెట్టుకున్నారు.

"నువ్వు కంప్యూటర్లో ఉండేవాడివి కదబ్బీ, కరపత్రం నువ్వే రాసి పంపీ. పేరు మాత్రం ఊరికే మారెమ్మ అని ఎయ్యొద్దు. శ్రీ మారికాంబా దుర్గాపరమేశ్వరి అమ్మవారు అని ఎయ్యి. వాకిలి మీద రాయికి గూడా అదే చెక్కిస్తాండాం" అన్నాడు.

"మారెమ్మ అంటే ఏమైంది చిన్నాయనా?"

"ఏం కాలేదురా. గుడి కట్టినాం గదా, గుడికి తగిన పేరుండాల గదా."

టైపు చెయ్యడానికి రెండు నిమిషాల పని. వారం రోజులు చెయ్యలేకపోయాను. ఆఫీసులో పాత కోడులో ఏదైనా పేరు మార్చాలంటే ముందు ఆ పేరు ఎక్కడెక్కడ వాడారో వెతుక్కుంటాం. తెలియక మారిస్తే ఎక్కడో సంబంధం లేని చోట ఏదో కూలుతుంది. ఆ అలవాటు కొద్దీ "మారెమ్మ" అన్న పేరు ఎక్కడెక్కడ వాడారా అని వెతకడం మొదలెట్టాను. వెతుకుతూ వెతుకుతూ గ్రీసు దాకా పోయాను. నేను చరిత్ర చదువుకున్నవాణ్ణి కాదు, పండితుణ్ణి అసలే కాదు. తెలుసుకున్నది మీకు చెప్పాలనిపించి రాస్తున్నాను.

మొదట మారి. సంస్కృతంలో మారి అంటే చంపే రోగం. తమిళంలో మారి అంటే వాన. రెండిట్లో మన అమ్మకి ఏది అసలు వేరో పండితులు వాదించుకుంటూనే ఉన్నారు. నాకు మాత్రం రెండూ సరిపోయినట్టే అనిపిస్తుంది. ఏడాదికి సుమారు 550 మిల్లీమీటర్ల వాన పడే అనంతపురం మెట్టభూముల్లో (మా మండలం 2022 నుంచి శ్రీ సత్యసాయి జిల్లాలోకి పోయింది, వాన మాత్రం పెరగలేదు) వాన రాకపోతే కరువు, కరువు వెనకాలే రోగం. ఆ రెండిటికీ ఒకే గడప దగ్గర మొక్కుకోవడంలో ఆశ్చర్యమేముంది?

పైగా ఈ పేరు చచ్చిపోయిన పేరు కాదు. 2020లో తెలుగు పేపర్లు రోజూ మొదటి పేజీలో అచ్చేసిన మాట గుర్తు తెచ్చుకోండి: "కరోనా మహమ్మారి". మహా మారి. టీవీలో సూటు వేసుకుని వార్తలు చదివే ఆయన కూడా రోజుకి యాభై సార్లు మా వేపచెట్టు కింద అమ్మ పేరే తలిచాడు, ఆయనకి తెలియకుండానే! బెంగళూరులో 1898 నాటి ప్లేగు తర్వాత ప్లేగు మారమ్మ వెలిసింది. 1997లో కర్ణాటకలోనే మండ్య జిల్లాలో ఒక స్కూలు మేష్టారు జనానికి జాగ్రత్తలు చెప్పడానికి ఎయిడ్స్ అమ్మకి గుడి కట్టాడు. 2021లో కోయంబత్తూరులో కరోనా దేవిని ప్రతిష్ఠించారు. అమ్మ ఒక్కతే, ముందు తగిలించే పేరు మారుతోంది. ఇదేదో పల్లెటూరి అమాయకత్వం అనుకునేవాళ్ళ కోసమే గ్రీసు సంగతి చెప్పబోతున్నాను.

గ్రీకు దేవతలకి రెండు రకాల బిరుదులు. మొదటివి కవుల బిరుదులు. హోమరు కావ్యాల్లో ఎథీనా ఎప్పుడూ "మెరిసే కళ్ళది", హేరా "ఆవు కళ్ళది". సందర్భంతో పని లేదు, పేరొస్తే బిరుదు వస్తుంది. ఎందుకలా అని మిల్మన్ పారీ అనే అమెరికన్ 1928లో పారిస్ లో సమర్పించిన సిద్ధాంత వ్యాసంలో విడమరిచి చెప్పాడు. ఛందస్సులో పాదం నింపడానికి పనికొచ్చే తయారు ముక్కలవి, ఒక కవి చేసినవి కావు, తరతరాల గాయకులు పోగు చేసినవి అని. ఆ తర్వాత 1933 నుంచి 35 దాకా యుగోస్లావియా వెళ్ళి, చదువురాని గాయకులు వేల పాదాలు అలవోకగా పాడటం రికార్డు చేసుకొచ్చాడు. పంబల వాళ్ళు రాత్రంతా అంకమ్మ కథలు చెప్పడం విన్నవాళ్ళకి ఇది అర్థం చేయించక్కర్లేదు.

రెండో రకం గుడిలో బిరుదులు. ఇవి అలంకారాలు కావు, చిరునామాలు. ఎథీనా పోలియాస్ అంటే ఊరిని కాచేది. ఎథీనా ఎర్గానె అంటే చేతిపనుల వాళ్ళ దేవత, మగ్గం దగ్గర తలుచుకునే ఎథీనా (మా వైపు తొగటవాళ్ళకి చౌడేశ్వరి ఉన్నట్టు). ఎథీనా హైజియా అంటే ఆరోగ్యమిచ్చేది. అందరూ ఎథీనాయే, కానీ మొక్కు ఎవరికి మొక్కుకున్నావో వాళ్ళకే తీర్చాలి.

ఇది ఎంత పట్టింపుగా ఉండేదో జెనొఫోన్ కథ చూస్తే తెలుస్తుంది. క్రీ.పూ. 399 ప్రాంతంలో ఈయన కిరాయి సైన్యాన్ని పర్షియా నుంచి వెనక్కి నడిపించుకొచ్చి, చేతిలో పైసా లేక గుర్రాన్ని అమ్ముకున్నాడు. ఒక సోదిగాడు ఆయన్ని చూసి, "నువ్వు జ్యూస్ మెయిలికియోస్ కి (శాంతించే జ్యూస్ కి) బలి ఇవ్వలేదు, అందుకే ఈ దరిద్రం" అన్నాడు. అప్పటిదాకా జెనొఫోన్ బలులిచ్చింది "రాజు" అన్న బిరుదున్న జ్యూస్ కి. దేవుడు ఒకడేగా అని ఆయన అనలేదు. మర్నాడే పందుల్ని బలిచ్చాడు. అమ్మిన గుర్రం తిరిగొచ్చింది. ఆయనే రాసుకున్నాడు ఇదంతా. బోయకొండ గంగమ్మకి మొక్కుకున్న కోడిని తిరుపతి తాతయ్యగుంట గంగమ్మ దగ్గర కోస్తానంటే మా జేజి ఒప్పుకునేదా? ఇద్దరూ గంగమ్మలే కదా అంటే "ఆ గంగమ్మ ఆ గంగమ్మే, ఈ గంగమ్మ ఈ గంగమ్మే" అనేది. సోక్రటీసు శిష్యుడూ, మా జేజీ ఒకటే మాట!

ఇంకొంచెం వెనక్కి పోదాం. క్రీట్ దీవిలో కనోసోస్ దగ్గర దొరికిన మట్టి పలకల మీద లీనియర్ బి అనే లిపి ఉంది. దాన్ని 1952లో చదివినవాడు మైకేల్ వెంట్రిస్, వృత్తి రీత్యా ఆర్కిటెక్టు. (పండితుడు కాకపోయినా ఫర్వాలేదు అని నాలాంటివాళ్ళు చెప్పుకునే ఉదాహరణ.) అందులో ఒక పలక మీద "అతాన పొత్నియ" అని ఉంది. పొత్నియ అంటే దొరసాని, అమ్మవారు. చాలామంది పండితుల లెక్కన దీని అర్థం "అతాన అనే చోటి అమ్మవారు". అంటే మనకి తెలిసిన ఎథీనా, బహుశా మొదట ఒక ఊరి అమ్మ! పలకల్లో ఇంకో అమ్మ ఉంది, "చిక్కుదారుల ఇంటి పొత్నియ". ముందు అమ్మ, ఆ అమ్మ ఫలానా చోటిది, అంతే. ఈ అమ్మలకి సొంత పేర్లూ, తండ్రులూ, మొగుళ్ళూ, పురాణాలూ బహుశా తర్వాత వచ్చాయి.

మనదీ ఇదే వరస. మూల పదం అమ్మ. ముందు తగిలిన ముక్కే చరిత్ర. పోలేరమ్మలో పొలిమేర ఉందంటారు. ఎల్లమ్మలో ఎల్ల, అంటే సరిహద్దు, ఉందని కొందరు, ఎల్లరికీ అమ్మ అని కొందరు. కొల్లాపురమ్మ కొల్హాపూరు నుంచి నడిచొచ్చిన అమ్మ. తనకల్లుకి దగ్గర్లోనే ఉన్న తిమ్మమ్మ మర్రిమాను సంగతి మీకు తెలిసే ఉంటుంది, 1989లో గిన్నిస్ బుక్కులోకెక్కిన చెట్టు. ఆ చెట్టు చుట్టూ ఉన్న కథ 15వ శతాబ్దంలో మొగుడి చితిలో కాలిపోయిన ఒక ఆడమనిషిది. అలా చనిపోయినవాళ్ళకి మన వైపు ఇచ్చిన బిరుదు పేరంటాలు. పసుపు కుంకాలకి పిలిచే పేరంటానికి, చితికి మధ్య ఎంత దూరముందో ఆ ఒక్క మాట దాచేస్తుంది. గ్రీకుల ఇఫిజెనియా కూడా ఇంతే. తండ్రి బలిపీఠం ఎక్కించిన పిల్ల. హెర్మియోనె అనే ఊళ్ళో "ఆర్టెమిస్ ఇఫిజెనియా" అని గుడే ఉండేది. మనుషులు చేసిన పాపం ఒక బిరుదై, దేవత పేరు పక్కన నిలబడింది.

దాచడం అంటే గుర్తొచ్చింది. మా జేజి మశూచి అన్న మాట ఎప్పుడూ అనలేదు. "పెద్దమ్మవారు" అనేది. చికెన్ పాక్స్ అయితే ఆటలమ్మ. ఒళ్ళంతా లేచిన పొక్కులు ముత్యాలు, అందుకే ముత్యాలమ్మ. అమ్మవారు పోసిన ఇంట్లో తిరగవాత వెయ్యరు, వేపమండలు కడతారు, చల్లని అంబలి పోస్తారు, "చల్లని తల్లీ" అని పిలుస్తారు. ఒంట్లో నిప్పులు పోసేదాన్ని చల్లని తల్లి అనడం! గ్రీకులు పగ సాధించే ఎరీనియెస్ ని పేరు పెట్టి పిలవటానికి భయపడి "యూమెనిడెస్" అన్నారు, దయగలవాళ్ళు అని. ఓడల్ని మింగే నల్లసముద్రాన్ని మొదట "ఆదరించనిది" అనేవాళ్ళు, తర్వాత "బాగా ఆదరించేది" అని మార్చారు. సోఫోక్లీస్ నాటకంలో గుడ్డి ఈడిపస్ కొలొనోస్ తోపులో కూర్చుంటే అక్కడి జనం వణికిపోతారు. ఆ దేవతల పేరెత్తడానికి భయపడి, నోరు మెదపకుండా, కళ్ళెత్తకుండా దాటిపోయే చోటు అది.

మనదేశంలో చివరి మశూచి కేసు 1975లో. ప్రపంచంలోనే లేకుండా పోయిందని 1980లో ప్రకటించారు. రోగం పోయింది, టీకా మచ్చలున్న చేతులు కూడా తగ్గిపోతున్నాయి. ఆ రోగం మన ఊళ్ళని ఎంత భయపెట్టిందో చెప్పే సాక్షి ఇప్పుడు ఆ పేరొక్కటే.

ఇక నన్ను బాగా పట్టుకున్న కథ. పౌసానియస్ అని క్రీ.శ. రెండో శతాబ్దం వాడు గ్రీసంతా తిరిగి, ఏ ఊళ్ళో ఏ దేవత, ఆమెకి ఏ బిరుదు, ఎందుకొచ్చింది అని ఓపికగా రాసిపెట్టాడు. పెలోపొనీస్ నడిమధ్యన ఆర్కేడియా కొండసీమ. అక్కడ ఫిగాలియా దగ్గర ఒక గుహలో "నల్ల డిమీటర్" ఉండేది. డిమీటర్ పంటల తల్లి. కూతురు కనపడకుండా పోయిన దుఃఖంతో, పొసైడన్ తనమీద చేసిన అత్యాచారానికి కోపంతో, నల్లబట్టలు కట్టుకుని ఆ గుహలో దాక్కుంది. పైన పంటలెండిపోయాయి, జనం చచ్చిపోతున్నారు. చివరికి దేవతలు వెతికి, బతిమాలి, చల్లబరిచారు. జనం ఆ గుహలో గుర్రం తల ఉన్న చెక్క విగ్రహం పెట్టి కొలిచారు. కొన్నాళ్ళకి ఆ విగ్రహం కాలిపోయింది. కొత్తది పెట్టలేదు, పూజలూ మానేశారు. కరువొచ్చింది. డెల్ఫీకి పోయి అడిగితే, మీ అమ్మని మీరు మర్చిపోయారు, అందుకే అన్న అర్థంలో సోది వచ్చింది. అప్పుడు ఒనాటస్ అనే శిల్పి చేత కంచు విగ్రహం చేయించారు.

దగ్గర్లోనే థెల్పూసా అనే ఊళ్ళో ఇదే డిమీటర్ కి రెండు బిరుదులు: "ఎరీనిస్", కోపంతో ఊగిపోయేది. "లూసియా", ఏట్లో స్నానం చేసి చల్లబడినది. మా జాతర కూడా ఈ రెండు బిరుదుల మధ్యే జరుగుతుంది. ఉగ్రంగా వచ్చిన అమ్మని అంబలితో, వేపాకు నీళ్ళతో చల్లబరిచి సాగనంపడం. బోరు వేసేముందు టెంకాయ కొట్టి, నాలుగొందల అడుగుల్లో తడి తగిలితే "గంగమ్మ కనికరించింది" అని ఏడ్చే రైతుకి ఫిగాలియా కథ పరాయిది కాదు.

పౌసానియస్ పట్టుబట్టి ఆ గుహకి వెళ్ళాడు. జంతుబలి లేకుండా ద్రాక్షలు, తేనెపట్టు, ఉన్ని పెట్టి నూనె పోసి వచ్చాడు. అయితే ఒనాటస్ చేసిన విగ్రహం అక్కడ లేదు. అలాంటిదొకటి ఉండేదని కూడా ఊళ్ళో చాలామందికి తెలియదు. అందరిలోకీ పెద్ద వయసాయన ఒక్కడు మాత్రం, మూడు తరాల కింద గుహ కప్పు రాళ్ళు పడి విగ్రహం నుగ్గయిపోయిందని చెప్పాడు. ఒక్క ముసలాయన! అతను అంతకు ముందు ఏడాది పోయుంటే కథ అక్కడితో సరి.

ఇప్పుడు చిన్నాయన పేరుకి వద్దాం. "మారికాంబా దుర్గాపరమేశ్వరి" వంటి పేరు గ్రీసులో ఎలా పుట్టేదో చూడండి. స్పార్టాలో ఓర్థియా అని ఒక దేవత. పాత కానుకల మీద ఆ ఒక్క పేరే ఉంటుంది. "ఆర్టెమిస్ ఓర్థియా" అన్న జంట పేరు శాసనాల్లో రోమన్ల కాలానికి గానీ కనపడదు. తెగేయాలో అలేయా అనే అమ్మ "ఎథీనా అలేయా" అయింది. పెద్ద దేవత వచ్చి ముందు కూర్చుంది, ఊరి దేవత వెనక్కి జరిగి బిరుదైపోయింది. అయినా మిగిలింది.

మిగలకపోతే ఏమవుతుందో ఎజైనా దీవి చెప్తుంది. అక్కడ క్రీ.పూ. 500 నాటి అందమైన గుడి ఉంది. 1811లో దాని శిల్పాలు తవ్వుకుపోయినవాళ్ళు అది జ్యూస్ గుడి అన్నారు. తర్వాత కాదు, ఎథీనా గుడి అన్నారు. 1901లో తవ్వకాల్లో ఒక శాసనం ముక్క దొరికింది, అఫాయాకి ఇల్లు కట్టారని. అఫాయా ఆ దీవికి మాత్రమే తెలిసిన అమ్మ. ఒక్క రాయి మీద ఒక్క పేరుండబట్టి, తొంభై ఏళ్ళ తర్వాత గుడి మళ్ళీ ఆమెదయింది.

నేను సంస్కృత పేర్లకి వ్యతిరేకిని కాదు. చిన్నాయన మాటలో న్యాయముంది. చాలా కాలం పట్నం వాళ్ళు, చదువుకున్నవాళ్ళు మారెమ్మని క్షుద్రదేవత అన్నారు. మద్రాసు బిషప్పు వైట్ హెడ్ 1916లో గ్రామదేవతల మీద పుస్తకం రాస్తే, అందులో వివరాలు బంగారం, జాలి మాత్రం పైనుంచి చూసే జాలి. మన పండితులూ తక్కువ తినలేదు. అలాంటప్పుడు మా అమ్మ కూడా పరమేశ్వరే అనడం ఒక రకంగా ఊరు తల ఎత్తుకోవడం.

కానీ పేరొక్కటే మారదు. మారెమ్మకి ఆసాదులు పాడాలి, పంబ మోగాలి, పొలి చల్లడానికి ఒక కులం వాళ్ళకి హక్కుంటుంది. మాతంగి లేనిదే చాలా చోట్ల ఎల్లమ్మ జాతరే లేదు. ఏడాదంతా ఊరి బయట ఉంచినవాళ్ళని ఆ రెండు రోజులు ఊరి మధ్యకి పిలవక తప్పని హక్కు అది. (ఆ హక్కు గొప్ప గౌరవమని నేననను, అందులో అవమానమూ ఉంది. కానీ దాన్ని తీసేసేటప్పుడు వాళ్ళని ఎవరూ అడగరు.) దుర్గాపరమేశ్వరి అయ్యాక అర్చన కావాలి, అర్చనకి పూజారి కావాలి, ఆయన లోపల ఉంటాడు, పంబ బయటికి పోతుంది. జంతుబలి చట్టం 1950 నుంచీ ఉంది, అది వేరే సంగతి. నేను మాట్లాడేది పాట గురించి, పాడే మనిషి గురించి.

వారం తర్వాత చిన్నాయనకి ఫోన్ చేసి ఇదంతా చెప్పబోయాను. ఎథీనా అనగానే "ఎవుర్రా ఆయమ్మ?" అన్నాడు. సరే అని ఎజైనా గుడి కథ ఒక్కటే చెప్పాను. రాయి మీద పేరు లేకపోతే రేపు మన మనవళ్ళకి ఇది ఎవరి గుడో తెలియదు చిన్నాయనా అన్నాను. కాసేపు మాట్లాడలేదు. "మీ జేజి మారెమ్మా అనే పిల్చేది" అన్నాడు. మళ్ళీ ఆయనే, "కమిటీ వాళ్ళు ఒప్పుకోరు, పెద్ద పేరు ఉండాల్సిందే" అన్నాడు. చివరికి బేరం ఇలా తెగింది. పైన పెద్ద పేరు ఉంటుంది. దాని కింద, అదే సైజు అక్షరాల్లో, "మారెమ్మ" అని ఉంటుంది. ఆసాదుల్ని పిలిచే సంగతి అడిగితే "చూస్తాంలే" అన్నాడు. "చూస్తాంలే" అంటే మా వైపు అర్థం ఏమిటో మీకు తెలుసు. అదింకా తేలలేదు, ఈసారి పోయినప్పుడు మళ్ళీ అడుగుతాను.

కరపత్రం టైపు చేసి పంపించాను. మీ ఊరి అమ్మ పేరేమిటి? ఆ పేరు ఎందుకొచ్చిందో చెప్పగలిగిన ముసలివాళ్ళు ఇంట్లో ఉంటే, ఈ ఆదివారం ఒకసారి అడిగి రాసిపెట్టుకోండి.